అదృశ్యలోక స్పందనలను కొలవగలమా?

కంటికి కనిపించనిది లేనే లేదనడం ఎంత తొందరపాటో, కంటికి కనిపించదని చెప్పిన ప్రతిదీ ఉన్నదని నమ్మడం కూడా అంతే తొందరపాటు. ఈ రెండు తొందరపాట్ల నడుమ మానవుడు ఎంతో శ్రమించి వేసుకొన్న బాటకే విజ్ఞానశాస్త్రమని పేరు.

ప్రత్యక్షం, పరోక్షం అనే మాటలు మనకు చిరపరిచితాలు. 'అక్షం' అనగా ఇంద్రియం, ముఖ్యంగా కన్ను. కంటి ఎదుట నిలిచినది ప్రత్యక్షం, కంటికి ఆవల ఉన్నది పరోక్షం. ఉర్దూ భాషలో ఈ పరోక్షాన్ని 'గైబ్' అనీ, ఆ లోకాన్ని 'ఆలమె గైబ్' అనీ వ్యవహరిస్తారు. మతగ్రంథాలు ఆ లోకాన్ని గురించి చెప్పే విషయాలు విశ్వాసానికి సంబంధించినవి. వాటిని త్రాసులో వేసి తూచే పని మేము ఈ వ్యాసంలో పెట్టుకోలేదు. మేము పరిశీలించదలచిన ప్రశ్న వేరు. ఎవరైనా ఒక పెట్టెను తెచ్చి మన బల్లపై ఉంచి, "ఇది కనిపించని లోకపు స్పందనలను కొలిచే యంత్రం" అని చెప్పినప్పుడు, ఆ మాటలోని నిజానిజాలను తేల్చుకొనే మార్గమేమిటి?

ఇది పొద్దుపోక వేసుకొనే ప్రశ్న కాదు. దీనికి సరియైన సమాధానం తెలియక ధనమూ, కీర్తీ, చివరకు ప్రాణాలూ పోగొట్టుకొన్నవారు ఉన్నారు. ఆ సంగతులు ముందు ముందు వస్తాయి.

ఇంద్రియాల హద్దులు

మొదట ఒక విషయం ఒప్పుకోవాలి. మన చుట్టూ కనిపించని, వినిపించని లోకాలు నిజంగానే ఉన్నాయి. ఆరోగ్యవంతుడైన మానవుని చెవి సెకనుకు 20 మొదలు 20,000 వరకు గల కంపనాలను మాత్రమే ధ్వనిగా గ్రహిస్తుంది. అంతకు పైబడినవి అతిధ్వనులు. గబ్బిలం వాటి సహాయంతో చీకటిలో దారి తెలుసుకొంటుంది. అంతకు తక్కువైనవి పరశ్రావ్యాలు; ఏనుగులు వాటితో కొన్ని కిలోమీటర్ల దూరాన ఉన్న తమ మందకు సందేశాలు పంపుకొంటాయి. కంటి విషయమూ అంతే. సుమారు 400 మొదలు 700 నానోమీటర్ల తరంగదైర్ఘ్యం గల కాంతి మాత్రమే మనకు కనిపిస్తుంది. దానికి ఇరువైపులా ఉన్న విశాలమైన వర్ణపటం మన కంటికి చీకటియే.

1887, 1888 సంవత్సరాలలో హైన్రిచ్ హెర్ట్జ్ జర్మనీలోని కార్ల్స్‌రూ నగరంలో ఈ చీకటి లోకపు తలుపు ఒకటి తెరిచాడు. ఒక మూల విద్యుత్ స్ఫులింగాన్ని పుట్టించి, దూరాన ఉంచిన తీగవలయంలోని చిన్న సందులో మరొక స్ఫులింగం మెరవడాన్ని చూశాడు. అంతటితో తృప్తిపడక ఆ అదృశ్య తరంగాలను లోహపు రేకుతో పరావర్తనం చెందించాడు, తారుతో చేసిన పెద్ద పట్టకం గుండా వంచాడు, వాటి తరంగదైర్ఘ్యాన్ని కొలిచాడు. ఈనాటి రేడియో, దూరదర్శన్, సెల్‌ఫోను ఆ చిన్న స్ఫులింగం సంతానమే.

కనుక అదృశ్యం అన్నంత మాత్రాన అసత్యం కాదు. పరికరమనేది ఒక దుబాసీ వంటిది. మనకు తెలియని భాషలో పలికే ప్రకృతిని మన కంటికి, చెవికి అర్థమయ్యే భాషలోకి తెచ్చి చెబుతుంది. అయితే దుబాసీ నిజమే చెబుతున్నాడా, తన సొంత కవిత్వం చెబుతున్నాడా అనేది తెలుసుకోవడమే అసలు చిక్కు.

కథలోని యంత్రం

ఇటువంటి యంత్రాన్ని గురించి అమెరికా రచయిత హెచ్. పి. లవ్‌క్రాఫ్ట్ 1920లో ఒక కథ వ్రాశాడు. 'ఫ్రమ్ బియాండ్' అనే ఆ కథ 1934లో అచ్చయినది. అందులో క్రాఫర్డ్ టిల్లింగాస్ట్ అనే పరిశోధకుడు తన ఇంటి పై అంతస్తులో ఒక విద్యుద్యంత్రాన్ని నిర్మిస్తాడు. దాని నుండి వెలువడే తరంగాలు మానవ మస్తిష్కంలోని పీనియల్ గ్రంథిని మేల్కొల్పుతాయని, దానితో మనకు లేని ఇంద్రియాలు తెరుచుకొంటాయని అతని వాదం. యంత్రం పనిచేయగానే గాలిలో ఈదే వింతప్రాణులు కనిపిస్తాయి. మనం వాటిని చూడగలిగినప్పుడు అవి కూడా మనలను చూడగలవని తెలియడమే ఆ కథలోని భయానకం. చివరకు కథకుడు తుపాకితో యంత్రాన్ని పేల్చివేస్తాడు. అతడు చూసినదంతా వశీకరణ ప్రభావమేనని వైద్యుడు చెబుతాడు.

కథగా ఇది గగుర్పాటు కలిగిస్తుంది. పాఠంగా చూచినప్పుడు ఒక లోపం స్పష్టమవుతుంది. ఈ యంత్రానికి సూచిక లేదు, కొలబద్ద లేదు, అంకె లేదు. అది బయటి లోకాన్ని కొలవడం లేదు. చూసేవాని మెదడును మారుస్తున్నది. మెదడు మారిన తరువాత కనిపించినది బయట ఉన్నదా, లోపల పుట్టినదా అని తేల్చే ఉపాయం ఆ గదిలో ఎవరికీ లేదు. వైద్యుని మాటను కథకుడు కాదనలేకపోవడానికి కారణం ఇదే. కొలిచే పరికరానికీ, మైమరపించే పరికరానికీ గల భేదాన్ని ఈ కల్పన చక్కగా చూపుతున్నది.

ఫారడే అట్టలు

ఇక కల్పనను విడిచి చరిత్రలోకి వద్దాం. 1853 నాటికి ఇంగ్లండులో బల్లలు తిప్పే వేడుక ఇంటింటా ప్రబలి ఉన్నది. నలుగురు కూర్చుండి బల్లపై చేతులు ఆనించి నిరీక్షిస్తే, కొంతసేపటికి బల్ల దానంతట అదే కదిలేది. ఆత్మల శక్తి అని కొందరు, తెలియని విద్యుచ్ఛక్తి అని కొందరు వ్యాఖ్యానించేవారు. విద్యుత్తు పేరు వచ్చినది కనుక జనమంతా మైకేల్ ఫారడేను అడిగారు.

ఫారడే వారిని పరిహసించలేదు. నిజాయితీపరులై, బల్లను కదిలించడంలో పేరుపొందినవారినే ప్రయోగానికి ఎన్నుకొన్నాడు. రెండు పలుచని పలకల నడుమ గాజుకడ్డీలు ఉంచి, పై పలక క్రింది పలకపై సులభంగా దొర్లేటట్లు చేసి, రెండింటినీ రబ్బరు పట్టీలతో బంధించాడు. వాటికి ఒక పొడవైన గడ్డిపరకను సూచికగా అమర్చాడు. క్రింది పలక బల్లకు అంటి ఉంటుంది. పై పలకపై చేతులు ఉంటాయి. ఇందులోని యుక్తిని గమనించండి. బల్ల ముందు కదిలి చేతులను లాగితే, క్రింది పలక ముందు జరిగి పరక ఒకవైపు వాలుతుంది. చేతులు ముందు కదిలి బల్లను నెట్టితే, పై పలక ముందు జరిగి పరక రెండవవైపు వాలుతుంది. ఏది ముందు అనే ఒక్క ప్రశ్నకు గడ్డిపరక సాక్ష్యం చెబుతుంది.

పరక చేతుల వైపే సాక్ష్యం చెప్పినది. కూర్చున్నవారు తమకు తెలియకుండానే బల్లను నెట్టుతున్నారు. ఇంతకంటె విచిత్రమైన సంగతి మరొకటి ఉన్నది. పరకను వారి కంటికి కనబడేటట్లు ఉంచగానే బల్ల కదలడం మానివేసినది! తాము నెట్టుతున్నామని తెలియడంతోనే ఆ నెట్టుడు ఆగిపోయినది. వారు మోసగాళ్ళు కారు. వారి కండరాలు వారి కోరికను వారికి చెప్పకుండా నెరవేర్చాయి.

ఈ ప్రయోగాన్ని మన విద్యార్థులు ఇంటివద్దనే చేయవచ్చును. ఒక ఉంగరాన్ని జానెడు దారానికి కట్టి, వ్రేళ్ళతో పట్టుకొని, అది గుండ్రంగా తిరుగుతున్నట్లు మనస్సులో తలచుకొనండి. కొద్దిసేపటికి అది తిరగడం ప్రారంభిస్తుంది. అదే దారాన్ని ఒక మేకుకు వ్రేలాడదీసి, అంతే గట్టిగా తలచుకొనండి. ఉంగరం కదలదు.

మసి పూసిన గాజుపలక

థాలియం మూలకాన్ని 1861లో కనుగొన్న విలియం క్రూక్స్ సామాన్యుడు కాడు. ఆయన 1871లో డి. డి. హోమ్ అనే ప్రసిద్ధ మాధ్యమికుని పరీక్షించడానికి నిజంగానే ఒక స్పందనలేఖినిని సిద్ధం చేశాడు. కొయ్య వలయంపై బిగించిన పలుచని చర్మం, దానిని తాకుతూ ఒక తేలికైన మీట, మీట చివర సూది, ఆ సూది ముందు గడియారపు యంత్రంతో సాగిపోయే మసి పూసిన గాజుపలక – ఇవి ఆ పరికరంలోని భాగాలు. చర్మం కంపించినప్పుడల్లా సూది మసిపై గీత గీస్తుంది. శబ్దాలు వినిపించాయి, గీతలు పడ్డాయి. తాను ఒక నూతన శక్తిని కనుగొన్నానని క్రూక్స్ ప్రకటించాడు.

పరికరంలో లోపం వెదకనక్కరలేదు. చర్మం కంపించినదని అది వ్రాసినది. ఆ మాట నిజమే. కాని ఎందువలన కంపించినదో వ్రాసే శక్తి ఏ సూదికీ ఉండదు. అది నిర్ణయించవలసినది ప్రయోగపు కట్టుదిట్టం. కొందరు ప్రత్యేక వ్యక్తుల సమక్షంలో మాత్రమే కనిపించి, ఇతరులు తమ తమ ప్రయోగశాలలలో తమ నిబంధనలపై చూడబోతే నిలువని ఫలితం శాస్త్రంలో చోటు సంపాదించుకోలేకపోయినది.

పట్టకం జేబులో పడిన రాత్రి

మూడవ ఉదాహరణ మరింత గుణపాఠం గలది. ఫ్రాన్సులోని నాన్సీ విశ్వవిద్యాలయంలో రెనే బ్లాండ్లో మంచి ప్రయోగవేత్తగా పేరుపొందినవాడు. హెర్ట్జ్ తరంగాల వేగాన్ని కొలిచినవాడు. ఎక్స్-కిరణాలు బయటపడి ఎనిమిది సంవత్సరాలు గడిచిన 1903లో, తాను మరొక నూతన కిరణాన్ని కనుగొన్నానని ఆయన ప్రకటించాడు. తన ఊరి పేరిట దానికి ఎన్-కిరణమని పేరుపెట్టాడు. మసక చీకటిలో ఒక చిన్న స్ఫులింగమో, స్ఫురదీప్తి గల తెరయో ఆ కిరణం సోకగానే కొంచెం కాంతివంతమవుతుందట. ఆ స్వల్పమైన హెచ్చుతగ్గును కంటితో చూచి చెప్పడమే కొలత. కొద్ది కాలంలోనే అనేకమంది శాస్త్రజ్ఞులు తామూ చూశామన్నారు. మానవుని నరాల నుండి, కండరాల నుండి కూడా ఈ కిరణాలు వెలువడుతున్నాయని వ్యాసాలు వచ్చాయి. ఇతర దేశాలలో ఎందరికో మాత్రం ఏమీ కనిపించలేదు.

1904లో అమెరికా భౌతికశాస్త్రజ్ఞుడు రాబర్ట్ వుడ్ నాన్సీ వెళ్ళాడు. అల్యూమినియం పట్టకంతో ఎన్-కిరణాల వర్ణపటాన్ని విడదీసి, అవి పడే స్థానాలను బ్లాండ్లో చదివి చెబుతున్నాడు. గది చీకటిగా ఉన్నది. వుడ్ నిశ్శబ్దంగా ఆ పట్టకాన్ని తీసివేశాడు. పట్టకం లేకపోయినా చదువుతున్న అంకెలు మారలేదు! మరొక ప్రయోగంలో కిరణాలు వెలువరించే ఉక్కు ఆకురాయికి బదులు రహస్యంగా కొయ్యముక్క ఉంచాడు. అప్పుడూ ఫలితం మారలేదు. వుడ్ లేఖ ఆ ఏడాది సెప్టెంబరులో 'నేచర్' పత్రికలో వెలువడిన తరువాత ఎన్-కిరణాల కథ ముగిసినది.

బ్లాండ్లో అబద్ధమాడలేదు. కంటి చివర మిణుకుమనే వెలుగును కోరికతో చూచినాడు. కోరిక దానిని వెలిగించినది. పట్టకం ఉన్నదో లేదో తెలియని కొలత కొలత కాదు.

ప్రాణాలు తీసిన కడ్డీ

ఇవన్నీ గత శతాబ్దాల ముచ్చట్లని కొట్టివేయడానికి వీలులేదు. 'ఏడీఈ 651' అనే పేరుతో ఒక బ్రిటిషు వ్యాపారి చేతిపిడికి ఇటూ అటూ తిరిగే కడ్డీ అమర్చి, అది గోడల వెనుక దాగిన ప్రేలుడు పదార్థాలను సైతం పసిగట్టుతుందని చెప్పి అమ్మాడు. దానిలో బ్యాటరీ లేదు. పదార్థాలను గుర్తుపట్టుతుందని చెప్పిన కార్డును 2010లో కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయ నిపుణులు విప్పి చూడగా, అంగడి సరుకు దొంగిలింపబడకుండా అంటించే చిన్న పట్టీ తప్ప మరేమీ కనిపించలేదు. కడ్డీని తిప్పినది పట్టుకొన్నవాని మణికట్టు. ఫారడే గడ్డిపరక 1853లో చెప్పిన సంగతే ఇది.

ఇరాక్ ప్రభుత్వం ఈ కడ్డీలను పెద్ద మొత్తంలో కొని బాగ్దాదు తనిఖీ కేంద్రాలలో ఉంచినది. ఆ కడ్డీల కాపలాలో ఉన్న నగరంలోనే 2009 అక్టోబరు 25న జరిగిన జంట ప్రేలుళ్ళలో 150 మందికి పైగా మరణించారు. అమ్మిన జేమ్స్ మెకార్మిక్‌కు 2013లో లండను న్యాయస్థానం 10 సంవత్సరాల కారాగారశిక్ష విధించినది. అప్పటికీ వాటి వాడకం ఆగలేదు. 2016 జూలైలో మరొక ఘోరమైన ప్రేలుడు తరువాతగాని వాటిని తీసివేయవలసినదిగా ఇరాక్ ప్రధాని ఆజ్ఞాపించలేదు.

మన పల్లెలలోని సంగతి కూడా ఆలోచించండి. అరచేతిలో కొబ్బరికాయ నిలబెట్టియో, వేప పంగలకర్ర పట్టుకొనియో నేలలోని జలను చెప్పేవారి మాటపై బోరు వేయించిన రైతులు తెలుగునాట ఎందరో ఉన్నారు. కాయ లేచిన చోట నీరు పడితే ఆ కథ పదిమందికి తెలుస్తుంది. పడకపోతే అప్పు ఒక్క రైతుకే తెలుస్తుంది. నేలలోకి విద్యుత్తును పంపి, పొరల నిరోధాన్ని కొలిచి జలస్థానాన్ని అంచనా వేసే పద్ధతి ఉన్నది. 1961లో హైదరాబాదులో స్థాపితమైన జాతీయ భూభౌతిక పరిశోధన సంస్థ వంటివి ఇటువంటి పరిశోధనలకే అంకితమైనవి. ఆ పద్ధతి కూడా ప్రతిసారి ఫలించదు. కాని ఎంతవరకు ఫలిస్తుందో, ఎక్కడ తప్పుతుందో లెక్క చెప్పగలదు. కొబ్బరికాయ ఆ లెక్క చెప్పదు.

వణికిన కత్తి

ఇంతవరకు చెప్పినవన్నీ చదివి, వింత అనుభవాలన్నీ భ్రమలేనని ఎవరైనా తీర్మానిస్తే అది మొదట చెప్పిన రెండవ తొందరపాటును విడిచి మొదటిదానిలో పడడమే. ఇంగ్లండులోని కోవెంట్రీకి చెందిన విక్ టాండీ అనే ఇంజనీరు 1998లో టోనీ లారెన్సుతో కలిసి ఒక వ్యాసం ప్రకటించాడు. టాండీ పనిచేసిన ప్రయోగశాలలో దయ్యం ఉన్నదని ప్రతీతి. ఒక రాత్రి ఒంటరిగా ఉన్నప్పుడు అతనికి చెమటలు పట్టి, కంటి చివర బూడిదరంగు ఆకారమొకటి తోచి, తిరిగి చూడగానే మాయమైనది. మరునాడు కత్తిపోటీ కొరకు తెచ్చుకొన్న కత్తిని మరమ్మతు చేయడానికి పట్టుడులో బిగించగా, దాని కొస ఎవరూ తాకకుండానే వణకసాగినది.

మరొకరైతే గది విడిచి పరుగెత్తేవారు. టాండీ పట్టుడును గది పొడవునా జరుపుతూ పోయాడు. గది మధ్యలో వణుకు ఎక్కువ, కొసలకు పోయినకొద్దీ తక్కువ. ఇది మన విద్యార్థులు సోనోమీటరు తీగపై చూసే స్థిరతరంగపు లక్షణమే. లెక్క చూడండి. గది పొడవు 30 అడుగులు, అనగా సుమారు 9 మీటర్లు. అది అర్ధతరంగమైతే పూర్తి తరంగదైర్ఘ్యం 18 మీటర్లు. గాలిలో ధ్వనివేగం సెకనుకు సుమారు 343 మీటర్లు. 343ను 18తో భాగిస్తే వచ్చేది సుమారు 19. సెకనుకు 19 కంపనాలు గల పరశ్రావ్యం ఆ గదిలో నిండి ఉన్నది. దాని జన్మస్థానం క్రొత్తగా అమర్చిన గాలిపంకా. పంకా అమరికను మార్చగానే స్థిరతరంగం పోయినది; దయ్యమూ పోయినది.

ఆ ధ్వని భయాన్నీ, కంటి చివరి ఆకారాన్నీ పుట్టించినదనే టాండీ ఊహను మాత్రం అటుపై జరిగిన ప్రయోగాలు గట్టిగా సమర్థించలేదు. లండనులో పరశ్రావ్యాలు నింపిన ప్రత్యేకమైన గదిలో పలువురిని ఉంచి జరిపిన పరిశీలన ఫలితాలు 2009లో వెలువడ్డాయి. వింత అనుభూతులు పలువురికి కలిగినా వాటికీ పరశ్రావ్యాలకూ సంబంధం కనిపించలేదు. అయినా కత్తి వణికినదన్నది, పంకా కారణమన్నది నిలిచాయి. ఒకే కథలో నిలిచిన భాగాన్నీ, నిలువని భాగాన్నీ వేరుచేయగలగడమే శాస్త్రీయ దృష్టి. ఈనాడు దయ్యాలను పట్టుతాయని అంగళ్ళలో అమ్మే పరికరాలలో పెక్కు అయస్కాంత క్షేత్రమాపకాలు మాత్రమే. గోడలోని కరెంటు తీగను సమీపించినా వాటి ముల్లు కదులుతుంది.

కడ్డీ నుండి కృష్ణబిలం వరకు

ఇక విజయవంతమైన ఒక కథతో ఈ పాఠాన్ని ముగిద్దాం. గురుత్వ తరంగాలు ఉండవలెనని ఐన్‌స్టీన్ 1916లో చెప్పాడు. అమెరికాలోని మేరీల్యాండ్ విశ్వవిద్యాలయంలో జోసెఫ్ వెబర్ వాటిని పట్టడానికి టన్నుకు మించిన బరువు గల అల్యూమినియం స్తూపాలను వ్రేలాడదీశాడు. సెకనుకు 1660 కంపనాల వద్ద అవి అనునాదం చెందుతాయి. ఒకదానిని మేరీల్యాండులో, మరొకదానిని సుమారు 1,000 కిలోమీటర్ల దూరాన చికాగో సమీపంలో ఉంచాడు. రెండూ ఒకే క్షణంలో మ్రోగుతున్నాయని, అవి గురుత్వ తరంగాలేనని 1969లో ప్రకటించాడు. పలు దేశాలవారు అటువంటి స్తూపాలనే కట్టి చూశారు, ఏమీ వినిపించలేదు. మరొక బృందపు స్తూపంతో తన స్తూపం ఏకకాలంలో మ్రోగినదని కూడా వెబర్ చెప్పాడు. తీరా చూస్తే ఆ రెండు నమోదుల గడియారాలకు నాలుగు గంటల తేడా ఉన్నది! లేని ఏకత్వాన్ని లెక్కలే పుట్టించాయి. అయినా ఈ అన్వేషణకు దారితీసినవాడు వెబరే.

తరువాతి తరం ఆ గుణపాఠాన్ని వంటపట్టించుకొన్నది. హాన్‌ఫర్డ్, లివింగ్‌స్టన్ అనే రెండు చోట్ల, 3,000 కిలోమీటర్ల ఎడంతో, ఒక్కొక్కటి 4 కిలోమీటర్ల పొడవైన రెండేసి భుజాలు గల లేజరు వ్యతికరణమాపకాలను కట్టారు. వీటికి లైగో అని పేరు. 2010లో ఈ పరికరాలలో ఒక స్పష్టమైన స్పందన కనిపించినది. వందలాది శాస్త్రజ్ఞులు నెలల తరబడి దానిని విశ్లేషించి ప్రకటనకు వ్యాసం కూడా సిద్ధం చేసుకొన్నారు. 2011 మార్చిలో ముద్రవేసిన సమాచారాన్ని విప్పారు. అది ఆకాశం నుండి వచ్చినది కాదు. తమను తాము పరీక్షించుకొనడానికి తమవారే రహస్యంగా చొప్పించిన నకిలీ సంకేతం. నాన్సీలో పరాయివాడు చేసిన పరీక్షను ఇక్కడ శాస్త్రజ్ఞులు తమకు తామే పెట్టుకొన్నారు!

2015 సెప్టెంబరు 14న నిజమైన సంకేతం వచ్చినది. సుమారు 130 కోట్ల కాంతి సంవత్సరాల దూరాన, సూర్యునికి సుమారు 36 రెట్లు, 29 రెట్లు ద్రవ్యరాశి గల రెండు కృష్ణబిలాలు కలిసిపోయినప్పటి అల అది. లివింగ్‌స్టనులో ముందు, సెకనులో సుమారు వెయ్యింట 7 వంతుల తరువాత హాన్‌ఫర్డులో, ఒకే ఆకృతిలో నమోదైనది. 4 కిలోమీటర్ల భుజం మారినది ప్రోటాను వ్యాసంలో కొన్ని వందల వంతులలో ఒక వంతు మాత్రమే. చొప్పించిన సంకేతం కాదని రూఢిచేసుకొని, ఇతర కారణాలన్నింటినీ శోధించి, 2016 ఫిబ్రవరి 11న లోకానికి చెప్పారు. ఇటువంటి కేంద్రమే మన దేశంలో మహారాష్ట్రలోని హింగోలి జిల్లాలో నిర్మించడానికి కేంద్ర ప్రభుత్వం 2023లో పూర్తి అనుమతి ఇచ్చినది. హింగోలి ఒకప్పుడు హైదరాబాదు రాష్ట్రంలోనిదే.

అయిదు ప్రశ్నలు

ఇప్పుడు మన బల్లపై ఉంచిన ఆ పెట్టె వద్దకు వద్దాం. దానిని ఈ అయిదు ప్రశ్నలు అడగాలి.

1. ఇది దేనికి స్పందిస్తున్నది? చేయి, గాలి, పంకా, కరెంటు తీగ – వీటి ప్రభావాన్ని తొలగించి చూశారా?

2. ఇది అంకె చెబుతుందా, అనుభూతి మాత్రమే కలిగిస్తుందా? అంకె చెబితే ఎంత తేడాతో చెబుతుంది?

3. మూలకారణాన్ని తీసివేస్తే ముల్లు ఆగుతుందా? పట్టకం తీసినా మారని అంకె అబద్ధం.

4. కారణం ఉన్నదో లేదో చూసేవానికి తెలియకుండా పరీక్షించారా?

5. మరొకచోట మరొకరు తమ పరికరంతో చేస్తే అదే ఫలితం వచ్చినదా?

ఈ ప్రశ్నలకు నిలిచిన పెట్టె ఎంత వింత విషయం చెప్పినా చెవియొగ్గి వినాలి. నిలువని పెట్టెను ఎంత గొప్పవారు తెచ్చినా పక్కన పెట్టాలి.

పదునొకండవ శతాబ్దంలో కాంతిశాస్త్రాన్ని ప్రయోగాలపై నిలిపిన ఇబ్నుల్ హైసమ్ పేరు ఉర్దూ విద్యార్థులకు సుపరిచితం. 'కితాబుల్ మనాజిర్' కర్త అయిన ఆయన టోలమీ వంటి పూర్వాచార్యుని రచనలపై సందేహాలను కూర్చి ఒక గ్రంథమే వ్రాశాడు. సత్యాన్ని వెదకేవాడు పెద్దల మాటలనే కాక తనను తాను కూడా శంకించుకోవాలని అందులో ఆయన బోధించిన సారాంశం. ఫారడే గడ్డిపరక, వుడ్ జేబులోని పట్టకం, లైగో ముద్రవేసిన సమాచారం – ఈ మూడూ ఆ బోధకు మూడు రూపాలు.

విద్యార్థులారా! రేపు మీలో కొందరు ఉపాధ్యాయులవుతారు, కొందరు వైద్యులవుతారు, కొందరు బోరు ఎక్కడ వేయాలని అడిగే రైతుకు ఇంటిలో చదువుకొన్న ఒక్క బిడ్డగా సలహా చెప్పవలసివస్తుంది. ఆనాడు కొబ్బరికాయ పట్టుకొన్న పెద్దాయనను పరిహసించకండి. ఫారడే కూడా పరిహసించలేదు. కాయ లేచిన చోట్లెన్ని, నీరు పడిన చోట్లెన్ని, కాయ లేవని చోట ఎన్నిసార్లు నీరు పడినదని మర్యాదగా అడిగి, ఒక నోటుబుక్కులో వ్రాసుకొనండి. బోరుబండి పొలంలోకి రాకమునుపే ఆ లెక్క చూచుకొనండి.